కట్టూబొట్టూ, పత్రికలు, సమాజం: ఏ పుస్తకంతో మొదలుపెట్టాలి?

ప్రశ్న (మంగళగిరి దర్జీ)

నమస్కారం. మంగళగిరిలో ఆడవాళ్ళ బట్టలు కుట్టే దుకాణం నాది. మా నాన్నగారు గుంట మగ్గం మీద చీరలు నేసేవారు. నేను నేత వైపు వెళ్ళకుండా కత్తెర పట్టుకున్నాను. పెళ్ళిళ్ళ కాలంలో జాకెట్లు, మిగతా రోజుల్లో టీచర్ల చుడీదార్లు, పిల్లల గౌన్లు కుడతాను.

ఒకప్పుడు ఎవరు వచ్చినా కొలత జాకెట్టు బల్ల మీద పెట్టి, "ఇలాగే కుట్టమ్మా, చంక దగ్గర మాత్రం కాస్త వదులు చెయ్యి" అనేవారు. ఇప్పుడు ముందు ఫోను తీస్తారు. అందులో ఒక సినిమా నటి ఉంటుంది. వీపు వైపు లోతైన మెడ, మోచేతుల దాకా మగ్గం వర్కు. "అచ్చం ఇలాగే రావాలి" అంటారు. కొలత జాకెట్టు సంచిలోంచి ఆ తర్వాతే బయటికి వస్తుంది. అదే నటి, అదే ఫొటో మళ్ళీ మళ్ళీ నా బల్ల మీదికి వస్తుంది. తెచ్చినవాళ్ళలో పెళ్ళికూతురూ ఉంటుంది, ఆమె మేనత్తా ఉంటుంది.

ఇది తప్పని నేను అనను. ఆ జాకెట్టు వేసుకుని అద్దం ముందు నిలబడినప్పుడు ఆ అమ్మాయి ముఖంలో కనిపించే సంతోషం నాకూ ఇష్టమే. నేను తెలుసుకోవాలనుకుంటున్నది వేరే. ఎక్కడో తీసిన ఒక బొమ్మకు మన ఒంటి మీద ఇంత అధికారం ఎలా వచ్చింది? ఇంకొకటి. మా చెల్లెలి కూతురు చదువుకునే రోజుల్లో మా నాన్న నేసిన చీరను "ముసలివాళ్ళ చీర" అని పక్కన పెట్టేసింది. హైదరాబాద్‌లో ఉద్యోగంలో చేరాక, ఆఫీసులో ఎవరో కట్టుకోగా చూసి అలాంటి చీరే దుకాణంలో కొనుక్కుంది. అదే నూలు, అదే నిజాం అంచు. మరి మారింది ఏమిటి?

పుస్తకాల దుకాణంలో అడిగితే ఎవరికి ఏ రంగు నప్పుతుందో చెప్పే పుస్తకాలు చూపించారు. అవి నాకు అక్కర్లేదు. బట్టల గురించి, బొమ్మల గురించి, పత్రికల గురించి గట్టిగా ఆలోచించినవాళ్ళు రాసినవి కావాలి. కథలూ నవలలూ వద్దు. ఇంగ్లీషు నిదానంగా చదవగలను, పక్కన నిఘంటువు ఉంటుంది. దయచేసి పేర్లు రాసి వదిలేయకండి. అందులో ఏముందో, అది నాకు ఎందుకు పనికొస్తుందో కూడా రాయండి.

జవాబు (పాత డెస్కు, విజయవాడ)

అమ్మా, ఒక దినపత్రికలో మహిళల పేజీ డెస్కులో చాలా కాలం పనిచేసి విరమించినవాణ్ణి. మీ ప్రశ్న నేరుగా నా పనికే తగిలింది.

ముందు తెలుగు పుస్తకంతో మొదలుపెట్టండి. సురవరం ప్రతాపరెడ్డి గారి 'ఆంధ్రుల సాంఘిక చరిత్ర', 1949లో వచ్చింది. తెలుగుకు మొదటి కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం 1955లో దీనికే ఇచ్చారు. ఆయన పండితుడే కాదు, 'గోలకొండ పత్రిక' సంపాదకుడు. నా దృష్టిలో ఆ పుస్తకానికి బలం అక్కడినుంచే వచ్చింది. రాజుల యుద్ధాలను పక్కకు నెట్టి, జనం ఏం తిన్నారు, ఏం కట్టుకున్నారు, ఏ ఆటలాడారు, ఏ నగలు పెట్టుకున్నారు అని కావ్యాలను గాలించారు. క్రీడాభిరామం, శుకసప్తతి, హంసవింశతి వంటివి ఆయన చేతిలో వార్తాహరుల కాగితాల్లా మాట్లాడతాయి. పాల్కురికి సోమనాథుడు వరసపెట్టి చెప్పిన బట్టల పేర్లు చూడండి: వెంజావళి, జయరంజి, మంచుపుంజము, మణిపట్టు, శ్రీవన్నియ, చీని, మహాచీని. నేతవారి ఇంట పుట్టిన మీరు ఆ పేర్లను నాకంటే బాగా వింటారు. కొన్ని చోట్ల ఆయన తీర్పులు కటువుగా ఉంటాయి, తన కాలపు సంస్కర్త గొంతు వినిపిస్తుంది. దాన్ని కూడా గమనిస్తూ చదవండి.

ఇక బొమ్మల సంగతి. మా డెస్కుకు ఫొటోలు వచ్చేవి, కింద ఒక్క ముక్క ఉండేది కాదు. రెండు వాక్యాలు మేమే రాసేవాళ్ళం. ఫొటోలో చీర ఉంటుంది, గాజులుంటాయి, జడ ఉంటుంది, వెనక ఒక మేడ ఉంటుంది. మేం "ఈ వేసవికి లేత రంగులు" అని రాయగానే చదివేవాళ్ళ కన్ను మిగతావన్నీ వదిలేసి రంగు మీదికి వెళ్తుంది. ఆ రెండు వాక్యాలు లేకపోతే అది ఒక అమ్మాయి ఫొటో మాత్రమే. ఉంటే అది ఫ్యాషన్.

ఫ్రాన్సులో రోలాఁ బార్త్ అనే ఆయన ఈ విషయం మీదే ఒక పెద్ద పుస్తకం రాశారు. 1967లో వచ్చింది, ఇంగ్లీషులో పేరు 'ద ఫ్యాషన్ సిస్టమ్'. ఒక ఏడాది పాటు, 1958-59లో, ప్యారిస్ ఫ్యాషన్ పత్రికల్లో, ముఖ్యంగా 'ఎల్'లో, బొమ్మల కింద రాసిన మాటలను తీసుకుని ఒక్కొక్కటీ విప్పి చూశారు. "గుర్రప్పందేల్లో ప్రింట్లదే గెలుపు" అన్నట్టు ఉండే వాక్యాలు అవి. పువ్వుల బట్ట వేసుకోవడానికీ పందేలకు వెళ్ళే తీరిక ఉన్న జీవితానికీ ఆ వాక్యం చడీచప్పుడు లేకుండా ముడి వేసింది. కుట్టిన బట్ట వేరు, బొమ్మలోని బట్ట వేరు, మాటల్లోని బట్ట వేరు అని ఆయన విడదీస్తారు. మొదటిది మీ చేతుల్లో ఉంటుంది. మూడోది మా చేతుల్లో ఉండేది.

అయితే ఆ పుస్తకం చాలా కఠినం. సగం వ్యాకరణ సూత్రాల్లా నడుస్తుంది. అందుకని ఆయనదే 'మైథాలజీస్' (1957) ముందు చదవండి. చిన్న చిన్న వ్యాసాలు, చాలావరకు పత్రికకు రాసినవే. కుస్తీ పోటీ మీద, సబ్బు పొడి ప్రకటన మీద, కొత్త సిట్రోయెన్ కారు మీద, గ్రెటా గార్బో ముఖం మీద. రోజూ చూసేదాన్ని నిలబెట్టి ప్రశ్నించడం ఎలాగో తెలుస్తుంది.

జవాబు (సోషియాలజీ పాఠాలు చెప్పే ఆవిడ, వరంగల్)

పెద్దాయన మాట మీద గౌరవంతోనే విభేదిస్తున్నాను. సురవరం వారి పుస్తకం సరే, తప్పక చదవాలి. బార్త్‌ను మాత్రం ఇప్పుడే వద్దక్కా. 'ఫ్యాషన్ సిస్టమ్'లో బట్ట వేసుకునే మనిషి ఎక్కడా కనిపించదు. ఉన్నవన్నీ మాటలే. మీ దుకాణానికి వచ్చేది మనుషులు.

మీరు చదవవలసింది ఎమ్మా టార్లో రాసిన 'క్లోతింగ్ మ్యాటర్స్', 1996. ఆమె మానవశాస్త్రవేత్త. గుజరాత్‌లో సౌరాష్ట్ర ప్రాంతపు ఒక పల్లెలో ఉండి అక్కడివాళ్ళ బట్టలను పరిశీలించారు. ఆ పుస్తకమంతా ఒక్క ప్రశ్న చుట్టూ తిరుగుతుంది: ఇవాళ నేను ఏం వేసుకోవాలి? బీరువా ముందు నిలబడిన ప్రతి మనిషీ వేసుకునే ప్రశ్న. దాని వెనక కులం, చదువు, అత్తగారిల్లు, ఊరు, పట్నం అన్నీ నిలబడి ఉంటాయని ఆమె చూపిస్తారు.

మీ చెల్లెలి కూతురి చీర కథ అచ్చంగా ఇందులో ఉంది. ఆ పల్లెలో చదువుకున్న అమ్మాయిలు తల్లులు వేసుకున్న బరువైన ఎంబ్రాయిడరీ బట్టలను "వెనకబాటు" అని వదిలేస్తున్నారు. అదే సమయంలో ఢిల్లీలో హౌజ్ ఖాస్ విలేజ్ దుకాణాల్లో అలాంటి పల్లె పనితనాన్నే డబ్బున్న ఆడవాళ్ళు ఖరీదు పెట్టి కొంటున్నారు. పల్లె అమ్మాయి అది వేసుకుంటే జనం ఆమెను పల్లెటూరిదనే అనుకుంటారు. ఢిల్లీ ఆవిడ వేసుకుంటే అభిరుచి అంటారు. ఎందుకంటే ఆమె పల్లెటూరిది అని ఎవరూ పొరపాటున కూడా అనుకోరు. ఆ భద్రత ఉన్నవాళ్ళే పాతదాన్ని ధైర్యంగా కట్టుకోగలరు. మీ అమ్మాయికి హైదరాబాద్ ఉద్యోగం ఇచ్చింది ఆ భద్రతనే అని నా ఊహ. చీర మారలేదు నిజమే. ఆ చీరలో తనను ఎవరు ఎలా చూస్తారన్న లెక్క మారింది.

గాంధీగారి బట్టల మీద ఇందులో ఉన్న అధ్యాయం నాకు మరీ ఇష్టం. 1888లో లండన్ వెళ్ళినప్పటి తెల్ల ఫ్లానెల్ సూటు, తర్వాత బాండ్ స్ట్రీట్‌లో కుట్టించుకున్న సూటు, 1915లో బొంబాయిలో దిగినప్పటి కాఠియావాడీ వేషం, 1921 సెప్టెంబరులో మధురైలో కట్టిన కొల్లాయి. బీదవాడి బట్ట కట్టి దేశపు బీదరికాన్ని చూపాలని ఆయన అనుకున్నారు. జనం మాత్రం సన్యాసిని చూశారు. కట్టినవాడి ఉద్దేశం ఒకటి, చూసినవాళ్ళకు అందినది ఇంకొకటి. అంత పెద్ద మనిషికే తన బట్ట అర్థం తన అదుపులో ఉండలేదు.

ఇది చదివేటప్పుడు పక్కనే అంబేద్కర్‌ను ఉంచుకోండి. 1927 డిసెంబరులో మహాడ్‌లో దళిత స్త్రీలతో మాట్లాడుతూ, కులాన్ని పట్టి ఇచ్చే కట్టును వదిలేసి పై కులాల స్త్రీలు కట్టుకున్నట్టే చీర కట్టుకోండని చెప్పారు. తాను సూటు వేసుకున్నారు. ఒకాయన బట్టలు వదులుకుంటూ పోయారు, ఇంకొకాయన నిండుగా వేసుకున్నారు. వదులుకోవాలంటే ముందు ఉండాలి కదా. ఒక్క గాంధీ అధ్యాయమే చదివి ఆగిపోతే ఈ సంగతి తప్పిపోతుంది.

జాకెట్లు కుట్టేవారు కాబట్టి ఇంకొకటి చెప్తాను. కేరళ దక్షిణాన తిరువాన్కూరులో నాడార్ స్త్రీలు రొమ్ము కప్పుకునే హక్కు కోసం ఏళ్ళ తరబడి దెబ్బలు తిన్నారు. 1859లో రాజు ప్రకటన వచ్చింది. జాకెట్టు వేసుకోవచ్చు, కానీ పై కులాల స్త్రీల తీరులో కప్పుకోకూడదు అని. జాకెట్టు ఒక ప్రభుత్వ ఉత్తర్వు దాకా వెళ్ళిన వస్తువు. దాన్ని మామూలు గుడ్డ అనుకోవడం నావల్ల కాదు.

ఫొటో సంగతి అడిగారు. దానికి జాన్ బెర్జర్ 'వేస్ ఆఫ్ సీయింగ్', 1972. బీబీసీలో నాలుగు భాగాలుగా వచ్చిన కార్యక్రమం నుంచి పుట్టింది. చిన్న పుస్తకం, ఏడు వ్యాసాలు, వాటిలో మూడింటిలో ఒక్క మాటా లేదు, బొమ్మలే. ఆఖరి వ్యాసం ప్రకటనల మీద. ఆయన చెప్పేది ఇది: ప్రకటన వస్తువును చూపించదు, ఆ వస్తువు కొన్నాక నువ్వు ఎలా ఉంటావో చూపిస్తుంది. ఆ రేపటి నిన్ను చూసి ఇవాళ్టి నువ్వు అసూయపడాలి. మీ బల్ల మీదికి వచ్చే ఫోను అదే పని చేస్తోంది.

జవాబు (బర్మింగ్‌హామ్‌లో నర్సు, సొంత ఊరు ఏలూరు)

వదినగారూ, మేముండే ఊరికి సంబంధించినది కాబట్టి ఈ పుస్తకం నేను చెప్పాలి. డిక్ హెబ్డిజ్ రాసిన 'సబ్‌కల్చర్: ద మీనింగ్ ఆఫ్ స్టైల్', 1979. ఆయన ఇక్కడి విశ్వవిద్యాలయంలోని సమకాలీన సంస్కృతి అధ్యయన కేంద్రంలో చదువుకున్నవారు. ఆ కేంద్రం 2002లో మూతపడింది.

యుద్ధం తర్వాతి బ్రిటన్‌లో టెడ్డీ బాయ్స్, మాడ్స్, స్కిన్‌హెడ్స్, పంక్స్ అని పనివాళ్ళ ఇళ్ళ కుర్రాళ్ళు గుంపులు గుంపులుగా తమకంటూ ఒక వేషం కట్టుకున్నారు. పంక్‌లు పిన్నీసును చెంపకు పెట్టుకున్నారు, చెత్త సంచి ప్లాస్టిక్‌ను బట్టగా చుట్టుకున్నారు. ఎవరో ఒక పనికి చేసిన వస్తువును ఇంకో పనికి తిప్పి, చూసేవాళ్ళ నెమ్మది చెడగొట్టారు. కరీబియన్ దీవుల నుంచి వలస వచ్చిన నల్లజాతివాళ్ళ సంగీతం, తీరు ఈ తెల్ల కుర్రాళ్ళ మీద ఎంత పనిచేసిందో ఆయన వివరంగా రాశారు. వలస వచ్చి ఇక్కడ పిల్లల్ని పెంచుతున్న నాకు ఆ భాగాలు బాగా పట్టుకున్నాయి.

మీ పనికి దగ్గరగా ఉన్నది ఇంకొక చోట. 1977 సెప్టెంబరుకల్లా పంక్ వేషం ఖరీదైన ఫ్యాషన్ పత్రికలోకి వచ్చేసింది. జాండ్రా రోడ్స్ అనే డిజైనర్ బట్టల్లో పిన్నీసులకు రాళ్ళు పొదిగారు, ప్లాస్టిక్ అనుకున్నది నిజానికి మెరిసే శాటిన్. కోపంతో పెట్టుకున్న పిన్నీసు నగ అయిపోయింది. ఇలా తిరుగుబాటును సరుకుగా మార్చి తిరిగి అమ్మే పద్ధతిని హెబ్డిజ్ దశలవారీగా చూపిస్తారు. వరంగల్ మేడమ్ గారు చెప్పిన హౌజ్ ఖాస్ దుకాణాలు చదువుతుంటే నాకు ఆ రాళ్ళ పిన్నీసులే కళ్ళముందు మెదిలాయి.

ఆ పుస్తకంలో ఒక పెద్ద లోటు. అన్నీ కుర్రాళ్ళే. ఆడపిల్లలు ఎక్కడ అని అదే కేంద్రంలో చదివిన ఏంజెలా మెక్‌రాబీ నిలదీశారు. వీధిలో తిరిగే గుంపును మాత్రమే చూస్తే, సాయంత్రం ఇంటి పనిలో ఉండే ఆడపిల్ల కనిపించదు అన్నది ఆమె వాదన. పాత బట్టల సంతల మీద ఆమె రాసిన వ్యాసం వెతికి చదవండి. స్టైల్ అనేది కొనుక్కున్నవాళ్ళ సృష్టే అనుకుంటాం, కానీ దాని వెనక గుట్టల్లోంచి ఏరి, ఉతికి, విప్పి, మళ్ళీ కుట్టి అమ్మిన ఆడవాళ్ళ శ్రమ ఉందని అందులో చూపించారు. మా ఊళ్ళో ఇప్పటికీ ర్యాగ్ మార్కెట్ ఉంది. లైనింగ్ గుడ్డకు నేను అక్కడికే వెళ్తాను. ఆ వ్యాసం చదివాక ఆ అంగళ్ళ వెనక కూర్చున్న ఆడవాళ్ళతో ఆగి మాట్లాడుతున్నాను.

జవాబు (పాత డెస్కు, విజయవాడ)

వరంగల్ మేడమ్ గారి అభ్యంతరం సరైనదే. మంగళగిరి అమ్మాయికి టార్లో ముందు, బార్త్ తర్వాత. కానీ పత్రికల సంగతి ఎవరూ ఎత్తుకోలేదు, అందుకని ఒక్క పుస్తకం. రాబిన్ జెఫ్రీ 'ఇండియాస్ న్యూస్‌పేపర్ రివల్యూషన్', 2000. భారతీయ భాషల పత్రికలు 1977 తర్వాత ఎలా పెరిగాయో దేశమంతా తిరిగి రాసిన పుస్తకం. 1974లో విశాఖలో మొదలైన 'ఈనాడు' గురించి బాగా ఉంది. ఆఫ్‌సెట్ యంత్రాలు, జిల్లా పేజీలు, మండలాల నుంచి వార్తలు పంపే విలేఖరులు, స్థానిక ప్రకటనలు, వీటన్నిటికీ ఉన్న లంకె ఇందులో అర్థమవుతుంది. మీ ఊరి బట్టల కొట్టు ప్రకటన పేపర్లో పడటం వెనక ఇంత కథ ఉంది. బట్టల గురించి అడిగినవారికి ఇది దూరం అనిపించవచ్చు. ఒక బొమ్మ అందరి ఇళ్ళకూ ఒకే ఉదయం చేరే దారి ఎవరు వేశారో తెలియాలంటే ఇది చదవాలి.

మంగళగిరి దర్జీ

అందరికీ చేతులెత్తి నమస్కారం. సురవరం వారి పుస్తకం గ్రంథాలయంలో దొరికింది. పెద్దాయన చెప్పిన బట్టల పేర్లు మా నాన్నగారికి చదివి వినిపించాను. చాలా పేర్లు ఆయన కూడా వినలేదు. "పేర్లు ఉన్నాయి, ఎలా నేసేవారో రాయలేదా?" అని అడిగారు. రాయలేదు. టార్లో పుస్తకం తెప్పించమని చెప్పాను. బెర్జర్ వచ్చింది, ఆఖరి వ్యాసం నుంచే మొదలుపెట్టాను.

ఆ వ్యాసం దగ్గరే ఒక పేచీ వచ్చింది. రేపటి నన్ను చూసి ఇవాళ నేను అసూయపడాలి అన్నమాట నిజం. కానీ ఆయన రాసిన కాలంలో బొమ్మ బయటినుంచి వచ్చేది. ఇప్పుడు నా దుకాణంలో జరిగేది ఇది. జాకెట్టు వేసి చూసుకుని, అద్దంలో ఒకసారి చూసి, వెంటనే ఫోను చెల్లెలి చేతికి ఇచ్చి ఫొటో తీయించుకుంటారు. తర్వాత అద్దం వైపు చూడరు, ఫొటోనే చూస్తారు. "ఫొటోలో ఇక్కడ ముడత కనిపిస్తోంది, సరిచెయ్యండి" అంటారు. చెయ్యి ఎత్తితే ఆ ముడత ఉండాలి, లేకపోతే చెయ్యి లేవదు. ఒంటికి సరిపోయింది, ఫొటోకు సరిపోలేదు. నేను ఎవరికి కుట్టాలి? ఆ నటి బొమ్మకు కూడా కాదు ఇప్పుడు, ఆ అమ్మాయి బొమ్మకే కుట్టాలి. కొందరికి చెప్పి ఒప్పిస్తాను. కొందరికి ముడత తీసేస్తాను, చెయ్యి ఎత్తలేక ఇబ్బంది పడతారని తెలిసి కూడా, వాళ్ళు కోరింది అదే కాబట్టి.

తనను తానే బొమ్మగా చూసుకోవడం గురించి ఎవరైనా రాశారా?

జవాబు (సోషియాలజీ పాఠాలు చెప్పే ఆవిడ, వరంగల్)

రాశారక్కా, ఫోన్లు రాకముందే. ఎర్వింగ్ గాఫ్‌మన్ 'ద ప్రెజెంటేషన్ ఆఫ్ సెల్ఫ్ ఇన్ ఎవ్రీడే లైఫ్'. అమెరికాలో 1959లో వచ్చింది. స్కాట్లండ్ ఉత్తరాన షెట్లాండ్ దీవుల్లో ఉండి చూసినదాని మీద చాలావరకు ఆధారపడి రాశారు. మనం నలుగురి ముందు ఉన్నప్పుడు వేదిక మీద ఉన్నట్టు ఉంటాం, దానికి వెనక ఒక గది ఉంటుంది, అక్కడ సిద్ధమవుతాం, అలసట తీర్చుకుంటాం అంటారు. అక్కడి ఒక హోటల్లో వంటగదికీ మిగతా హోటలుకూ మధ్య ఉన్న తలుపు గురించి రాసింది తప్పక చదవండి. పళ్ళేలు మోసే పనమ్మాయిలకు అది తెరిచి ఉండాలి. అతిథులకు వంటగది కనిపిస్తుందని యజమానులు మూయమంటారు. తలుపు దగ్గర రోజూ గొడవే.

మీ దుకాణంలో బట్టలు మార్చుకునే తెర వెనక జాగా అలాంటిదే. ఆ జాగాలోకి ఫోను వచ్చాక అది ఇంకా వెనక గదేనా అన్నది గాఫ్‌మన్‌కు ఎదురుకాని ప్రశ్న, మీకు రోజూ ఎదురవుతున్న ప్రశ్న. 'ప్రాంతాలు' అన్న అధ్యాయం ముందు చదవండి. మిగతాది తర్వాత చూసుకోవచ్చు. చదివాక, ముడత ఉంచమని ఒప్పుకున్నవాళ్ళు ఎవరు, తీసేయమన్నవాళ్ళు ఎవరు, వాళ్ళ వయసు, పని, ఆ బట్ట ఏ సందర్భానికో ఇక్కడ రాయండి. మా పిల్లలకు పాఠం చెప్పేటప్పుడు వాడుకుంటాను, మీకు అభ్యంతరం లేకపోతే.